కడప ఎండల్లో రూబార్బ్ పై: మామిడికాయ, చుక్కకూర కాడలతో

కడపలో రూబార్బ్ పై (pie, అంటే మైదా పిండి పొరల మధ్య తియ్యటి నింపకం పెట్టి ఓవెన్లో కాల్చే వంటకం) చేద్దామనుకుంటే దొరకనిది ఒక్క రూబార్బే. మైదా, వెన్న, చక్కెర, ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) అన్నీ ఉంటాయి. ఆ మొక్క చలిదేశాలది. చలికాలంలో నేల బాగా చల్లబడి కొన్ని వారాలు నిద్రపోతే తప్ప అది వసంతంలో గట్టి కాడలు వేయదు. ఎండ 32 డిగ్రీలు దాటితే నీరసించిపోతుంది. ఏప్రిల్, మే నెలల్లో 40 దాటడం మామూలైన మన ఊళ్లో కుండీలో పెంచుదామనుకోవడం డబ్బు దండగ.

అయినా ఈ పై మనకు కుదురుతుంది, ఎందుకంటే దాని గుట్టంతా పులుపులో ఉంది. రూబార్బ్ అంటే ఎర్రటి, లావుపాటి, పీచున్న ఆకుకాడ. పచ్చిగా కొరికితే పళ్లు జివ్వుమంటాయి. చక్కెరతో ఉడికిస్తే మెత్తగా కరిగిపోయి, తియ్యగా, పుల్లగా, కొంచెం ఆకువాసనతో ఉంటుంది. వృక్షశాస్త్రం ప్రకారం అది కూరగాయే. వాడకంలో మాత్రం పండు కింద చెల్లిపోయింది. 1947లో అమెరికాలోని బఫెలో కస్టమ్స్ కోర్టు దాన్ని పండుగానే లెక్కకట్టి సుంకం వేయాలని తీర్పు కూడా ఇచ్చింది. పప్పులోకీ పచ్చడిలోకీ మామిడికాయ వాడే మనకు ఇందులో వింతేమీ కనబడదు.

ఆ పులుపుకు మామిడికాయ, ఆ ఆకువాసనకు చుక్కకూర కాడలు: నేను చెప్పబోయే పై ఈ రెంటితో. చుక్కకూరను ఊరికే ఎంచుకోలేదు. రూబార్బ్, చుక్కకూర ఒకే కుటుంబం మొక్కలు. రెండింటిలోనూ ఆక్సాలిక్ ఆమ్లం ఉంటుంది, రెండూ వేడి తగలగానే కరిగిపోతాయి. ఇంకో మాట. ఆయుర్వేదం అంగళ్లలో రేవల్చిని అని అమ్మే ఎండువేరు కూడా రూబార్బ్ జాతిదే. అది విరేచనాలకు వాడే మందు. పేరు చూసి ముచ్చటపడి పైలో వేయకండి.

సామాన్లు

ఇది 23 సెంటీమీటర్ల పళ్లానికి సరిపోయే లెక్క, ఎనిమిది ముక్కలు వస్తాయి. పిండికి: మైదా 320 గ్రాములు, ఉప్పు లేని వెన్న 225 గ్రాములు, చక్కెర ఒక పెద్ద చెంచా, ఉప్పు ముప్పావు చెంచా, నిమ్మరసం ఒక చిన్న చెంచా, ఐసు నీళ్లు 90 నుంచి 120 మిల్లీలీటర్లు. ఉప్పు వెన్నే దొరికితే విడిగా ఉప్పు వేయొద్దు.

లోపలికి: మామిడికాయలు కిలోంపావు (చెక్కు, టెంక పోగా 750 గ్రాముల దాకా ముక్కలు వస్తాయి), చుక్కకూర లేత కాడలు 100 గ్రాములు, చక్కెర 270 గ్రాములు, సగ్గుబియ్యం 40 గ్రాములు, యాలకుల పొడి అర చెంచా, చిటికెడు ఉప్పు. పైన పూయడానికి రెండు చెంచాల పాలు, చల్లడానికి కొంచెం చక్కెర.

ఇంటి వెన్న వాడొచ్చా అని చాలామంది అడుగుతారు. వాడొచ్చు గానీ చిలికి తీసిన వెన్నలో మజ్జిగ మిగిలి ఉంటుంది. ఐసు నీళ్లలో వేసి బాగా పిసికి, నీళ్లు తేటగా వచ్చేదాకా కడిగి, గుడ్డలో ఒత్తి ఫ్రీజర్లో పెట్టండి. నెయ్యి మాత్రం వద్దు. నెయ్యిలో నీరుండదు. ఈ పైలో పొరలు విచ్చుకునేది వెన్నలోని నీరు ఆవిరై వాటిని పైకి నెట్టడం వల్ల. నెయ్యితో చేస్తే పిండి గుల్లగా, బిస్కెట్ మాదిరి వస్తుంది. రుచి బాగానే ఉంటుంది గానీ పొరలు రావు.

గడియారం ముందు, వంట తర్వాత

వెన్న 32, 35 డిగ్రీల మధ్య కరిగిపోతుంది. మే నెలలో మధ్యాహ్నం మన వంటింటి వేడి అంతకంటే ఎక్కువ. అంటే చలిదేశాల వాళ్లు రాసిన వంటకాల్లో గది ఉష్ణోగ్రత దగ్గర అని ఉన్న ప్రతిచోటా మన దగ్గర పని చెడుతుంది. అందుకే ఈ పై పని రెండు పూటలకు పంచుకోవాలి. ముందురోజు రాత్రి పిండి కలిపి ఫ్రిజ్‌లో పెట్టేయండి. తెల్లవారుజామున ఐదింటికి లేచి కాయలు తరిగి, ఎండెక్కక ముందే పిండి ఒత్తండి. ఏడు గంటలకల్లా పై ఓవెన్లో ఉండాలి. పదకొండింటికి పిండి ఒత్తాలని కూర్చుంటే అది అప్పడాల కర్రకు అంటుకుని మీ ఓపిక పరీక్షిస్తుంది.

ఇక్కడ మనకు కలిసొచ్చేది కడప బండ. ఎర్రగుంట్ల, ముద్దనూరు వైపు తవ్వే ఈ నల్లరాయి చాలా ఇళ్లలో వంటగట్టు మీద ఉంటుంది. రాత్రంతా చల్లబడిన రాయి తెల్లవారుజామున చపాతీ పీట కంటే చల్లగా ఉంటుంది. ఒత్తడానికి ముందు ఒక పళ్లెంలో ఐసు ముక్కలు వేసి దాని మీద పది నిమిషాలు పెట్టి, తడి లేకుండా తుడవండి. దానికంటే మంచి చోటు లేదు. ఒకటే జాగ్రత్త: అది సున్నపురాయి. మామిడికాయ రసం, నిమ్మరసం పడితే మెరుపు పోయి తెల్ల మచ్చ పడుతుంది, మళ్లీ పోదు. కాయలు మాత్రం చెక్క మీదే తరగండి.

రాత్రి: పిండి కలపడం

వెన్నను ఒక సెంటీమీటరు ముక్కలుగా కోసి అరగంట ఫ్రీజర్లో పెట్టండి. మైదా డబ్బా కూడా ఫ్రీజర్లోనే పెట్టండి. ఇదేదో చాదస్తంలా ఉంటుంది గానీ వేసవిలో పిండి వేడే వెన్నను ముందు కరిగిస్తుంది.

వెడల్పాటి స్టీలు బేసిన్లో మైదా, చక్కెర, ఉప్పు కలిపి వెన్న ముక్కలు వేయండి. వేళ్ల కొసలతో ఒక్కో ముక్కనూ నొక్కి రేకులా చదును చేస్తూ పిండిలో కలపండి. అరచేతులు వాడొద్దు, అవే ఎక్కువ వేడి. కొంత వెన్న రవ్వలా కలిసిపోవాలి. మిగతాది చెనక్కాయ గింజంత రేకులుగా కనబడుతూ ఉండాలి. ఈ రేకులే రేపటి పొరలు.

నిమ్మరసం కలిపిన ఐసు నీళ్లు ఒక్కో చెంచా చల్లుతూ ఫోర్కుతో కదపండి. 90 మిల్లీలీటర్లు అయ్యాక ఆగి, పిడికిట్లో కొంచెం పిండి నొక్కి చూడండి. ముద్ద కట్టాలి, విరిస్తే కొంచెం పొడిపొడిగా విరగాలి. పొడిపిండి రాలుతుంటే ఇంకో చెంచా నీళ్లు.

మన చేతులకు కష్టమయ్యేది ఇక్కడే. పిండి కనబడితే పిసకడం మనకు పుట్టుకతో వచ్చిన అలవాటు. చపాతీ పిండి ఎంత పిసికితే అంత మంచిది, ఈ పిండి ఎంత పిసికితే అంత చెడ్డది. పిసికే కొద్దీ మైదాలో గ్లూటెన్ అనే జిగురు సాగి, కాల్చాక తోలు మాదిరి గట్టిపడుతుంది, పళ్లెంలో అంచులు కిందికి జారిపోతాయి. దగ్గరికి నొక్కి, రెండు బిళ్లలు చేయండి. ఒకటి కొంచెం పెద్దది, అడుగుకు. రెంటినీ ప్లాస్టిక్ కవర్లో గాలి లేకుండా చుట్టి ఫ్రిజ్‌లో పెట్టండి. గంట సరిపోతుంది అంటారు గానీ రాత్రంతా ఉంచితేనే నీరు సమంగా పాకి, ఒత్తేటప్పుడు అంచులు పగలకుండా ఉంటుంది.

తెల్లవారుజామున: కాయలు, కాడలు

కాయల ఎంపిక మీదే సగం రుచి. తోతాపురి పచ్చికాయ గట్టిగా ఉంటుంది, ఉడికినా ముక్క నిలుస్తుంది, కానీ పులుపు తక్కువ. పచ్చడికి కొనే నాటు పుల్లకాయకు పులుపు ఉంటుంది గానీ పీచు ఎక్కువ, త్వరగా చితుకుతుంది. రెండొంతులు తోతాపురి, ఒక వంతు పుల్లకాయ కలిపితే ముక్కా పులుపూ రెండూ దక్కుతాయి. మార్చి ఆఖరు నుంచి మే దాకా రైల్వే కోడూరు వైపు నుంచి కాయ బాగా దిగుతుంది. కోస్తే లోపల తెల్లగా ఉండాలి. పసుపు తిరిగిన దోరకాయ వేస్తే తినడానికి బాగుంటుంది గానీ అది రూబార్బ్ పై అనిపించుకోదు.

తొడిమ దగ్గర కోసి సొన కారనిచ్చి బాగా కడగండి, లేకపోతే నాలుక మీద గీరుకుంటుంది. చెక్కు తీసి, టెంక వదిలి, అర సెంటీమీటరు మందం ముక్కలుగా తరగండి. స్టీలు లేదా గాజు గిన్నెలో చక్కెర, ఉప్పు కలిపి ముప్పావు గంట వదిలేయండి. ఇత్తడి, ఇనుము, అల్యూమినియం గిన్నెలు వద్దు, పులుపుకు లోహం రుచి వస్తుంది.

ముప్పావు గంటకు గిన్నె అడుగున రసం చేరుతుంది. పైలో అడుగు పిండి తడిసి ముద్దవడానికి కారణం ఈ రసమే. పచ్చి ముక్కలన్నీ అలాగే పోస్తే ఓవెన్లో రసం ఊరి పిండిలోకి దిగుతుంది. అందుకని జల్లెడలో వడకట్టి, ఆ రసాన్ని చిన్న గిన్నెలో మరిగించి మూడో వంతుకు తెచ్చి పూర్తిగా చల్లార్చండి. రూబార్బ్ ఎరుపు కావాలంటే చలికాలంలో ఎండబెట్టుకున్న ఎర్ర గోంగూర కాయల రేకలు ఆరేడు ఈ రసం మరిగేటప్పుడు వేసి తీసేయండి. పులుపులో ఆ ఎరుపు ఇంకా మెరుస్తుంది. బీట్‌రూట్ వేయమని కొందరు చెప్తారు, నాకు దాని మట్టివాసన నచ్చదు.

చుక్కకూర ఆకులు తుంచి పప్పుకు పక్కన పెట్టుకోండి. ఆకులు కూడా వేస్తే చక్కెర వేసిన చుక్కకూర పప్పే తయారవుతుంది. లేత కాడలు మాత్రం రెండు సెంటీమీటర్ల ముక్కలుగా కోయండి. ఉడికాక వాటి పచ్చదనం పోయి గోధుమవన్నెకు తిరుగుతుంది. పులుపు, వేడి కలిస్తే ఆకుపచ్చ రంగు అలాగే పాడవుతుంది, కాబట్టి కంగారు పడొద్దు.

సగ్గుబియ్యం మిక్సీలో మెత్తగా పొడి చేయండి. కార్న్‌ఫ్లోర్ కన్నా నేను దీన్నే ఇష్టపడతాను. సగ్గుబియ్యం కర్రపెండలం పిండితో చేసేది. చిక్కబడ్డాక అద్దంలా తేటగా ఉంటుంది. కార్న్‌ఫ్లోర్ తెల్లగా మసకబారుతుంది, గట్టి పులుపులో ఎక్కువసేపు ఉడికితే పట్టు కూడా కొంత సడలుతుంది. మామిడి ముక్కలు, కాడలు, చల్లారిన పాకం, సగ్గుబియ్యం పొడి, యాలకుల పొడి కలిపి పావుగంట ఉంచండి, పొడి నానుతుంది. దాల్చినచెక్క వేయకండి. అది ఆపిల్‌కు తోడు, మామిడిని మింగేస్తుంది.

ఒత్తడం, నింపడం

పెద్ద బిళ్లను ఫ్రిజ్ లోంచి తీసి ఐదారు నిమిషాలు ఆగండి. బండ మీద పలచగా మైదా చల్లి మధ్యలోంచి అంచులకు ఒత్తండి. ప్రతి రెండు ఒత్తులకూ బిళ్లను పావు వంతు తిప్పండి, అంటుకోకుండా ఉంటుంది, గుండ్రమూ వస్తుంది. మూడు మిల్లీమీటర్ల మందం, 30 సెంటీమీటర్ల వెడల్పు. పిండి మీద నూనె మెరుపు కనబడిందంటే వెన్న కరుగుతున్నట్టు. ఇంకో ఆలోచన లేకుండా పళ్లెంతో సహా పావుగంట ఫ్రిజ్‌లోకి. పొడిపిండి చల్లి గట్టెక్కాలని చూస్తే ఎండిపోయి పగులుతుంది.

అప్పడాల కర్రకు చుట్టి తీసి పళ్లెంలో పరవండి. లాగొద్దు, మూలల్లోకి దానంతట అదే దిగనివ్వండి. లాగిన పిండి ఓవెన్లో వెనక్కి ముడుచుకుంటుంది. అల్యూమినియం కేకు పళ్లెం మంచిది, వేడి త్వరగా పట్టుకుంటుంది. గాజు పళ్లెమైతే ఫ్రిజ్ లోంచి తీసి నేరుగా వేడి ఓవెన్లో పెట్టకండి, పగలొచ్చు. అడుగు ఊడొచ్చే పళ్లెం వద్దు, రసం కారుతుంది.

నింపకం వేసి మధ్యలో కొంచెం గుట్టగా సర్దండి. చిన్న బిళ్లను ఒత్తి రెండు సెంటీమీటర్ల పట్టీలుగా కోసి జల్లెడ అల్లికగా వేయవచ్చు, లేదా మొత్తం మూతగా కప్పి నాలుగైదు గాట్లు పెట్టవచ్చు. చూడ్డానికి అల్లిక అందం. అంతకంటే ముఖ్యం, ఇలాంటి నీటి కాయకు ఆవిరి పోయే దారి ఎక్కువ దొరుకుతుంది. మధ్యాహ్నమైపోయి పిండి మెత్తబడుతుంటే మాత్రం అల్లికతో కుస్తీ వద్దు, మూత వేసేయండి. అంచులు కలిపి లోపలికి మడిచి, కజ్జికాయ అంచు మడిచినట్టే మడవండి. మన ఆడవాళ్ల చేతికి ఇది ఎవరూ నేర్పనక్కర్లేదు. పైని పళ్లెంతో సహా ఇరవై నిమిషాలు ఫ్రీజర్లో పెట్టండి.

కాల్చడం

ఓటీజీ 28 లీటర్లకు తక్కువ కాకుండా ఉంటే ఈ పళ్లెం సులువుగా పడుతుంది. పెద్ద పిన్ను ప్లగ్గు ఉన్న 16 ఆంపియర్ల సాకెట్లోనే పెట్టండి, ఇన్వర్టర్ మీద నడవదు. కరెంటు కోత వేళలు తెలిసి ఉంటే వాటికి దూరంగా మొదలుపెట్టండి. కాలుతూ సగంలో ఆగిన పైని మళ్లీ బాగు చేయలేం.

పిడి లేని ఇనుప పెనం ఉంటే కింది అరలో పెట్టి, పైన, కింద రాడ్లు రెండూ వేసి 220 డిగ్రీల మీద ఇరవై ఐదు నిమిషాలు కాగనివ్వండి. పెనం గోడలకు తగలకుండా చూసుకోండి. పైని ఆ పెనం మీదే పెట్టాలి. అడుగు వెంటనే కాలడం మొదలవుతుంది, రసం దిగేలోపే గట్టిపడుతుంది. మూత మీద పాలు రాసి చక్కెర చల్లడం మరవొద్దు.

220 మీద ఇరవై నిమిషాలు, ఆ తర్వాత 190కి తగ్గించి నలభై నిమిషాల పైన. అంచులు ముందే ఎర్రబడుతుంటే రేకు కాగితం చుట్టండి. ఇంతకూ అయిందని ఎలా తెలుస్తుంది? రంగు చూసి ఆపేవాళ్లే ఎక్కువ. రంగు మోసం చేస్తుంది. మధ్యలో గాట్ల లోంచి రసం బుడగలు రావాలి. మొదట్లో నీళ్ల బుడగలు చకచకా వస్తాయి. తర్వాత పాకం చిక్కబడి బుడగలు మెల్లగా, బరువుగా పగులుతాయి. అప్పుడే సగ్గుబియ్యం ఉడికినట్టు. అంచుల్లో బుడగలు వస్తే చాలదు, నడిమధ్యలో రావాలి.

ఓవెన్ లేని ఇంట్లో ఇసుక పోసిన కుక్కర్లో చేయొచ్చా అంటే, నా మాట వద్దనే. అడుగు మాడుతుంది, మూత పాలిపోయి ఉంటుంది, ఎందుకంటే వేడంతా కింది నుంచే వస్తుంది. కేకుకు అది చెల్లుతుంది, ఈ పై వంటకానికి చెల్లదు. కన్వెక్షన్ (వేడిగాలితో కాల్చే పద్ధతి) ఉన్న మైక్రోవేవ్ అయితే 15 డిగ్రీలు తగ్గించి, కన్వెక్షన్ మీద మాత్రమే కాల్చండి. మైక్రోవేవ్ కలిపి నడిపిస్తే పొర సాగుతుంది.

చల్లార్చడం

వాసనకు ఇంట్లో అందరూ వచ్చి నిలబడతారు. కోయనివ్వకండి. పాకం చల్లబడితేనే గట్టిపడుతుంది, అందుకు మూడు నాలుగు గంటలు కావాలి. జాలీ మీద పెడితే అడుగుకు గాలి తగిలి తడవదు. చల్లటి దేశాల్లో ఇంతటితో అయిపోతుంది. మన వేసవిలో గదే 36, 37 డిగ్రీలుంటే పాకం జారుగానే ఉండిపోతుంది. కాబట్టి గది వేడికి వచ్చాక గంటసేపు ఫ్రిజ్‌లో ఉంచి, సాయంత్రం కోయండి. వేడిగా కావాలంటే ముక్కలు ఓటీజీలో 180 మీద పది నిమిషాలు. వెనిలా ఐస్‌క్రీమ్ తోడు మామూలే. నేనైతే చల్లటి మీగడలో కొంచెం చక్కెర కొట్టి పక్కన వడ్డిస్తాను, పులుపు మీద మీగడ ఇంకా బాగా నప్పుతుంది.

మిగిలితే ఫ్రిజ్‌లో రెండు రోజులు. పుల్లటి పదార్థం కాబట్టి అల్యూమినియం పళ్లెంలోనే వదిలేయకుండా స్టీలు డబ్బాలోకి మార్చండి.

తేడా వస్తే చూడాల్సినవి

అడుగు తడిసి ఉంటే పెనం సరిగా కాగలేదు, లేదా రసం వడకట్టలేదు. పాకం నీళ్లలా కారితే మధ్యలో బుడగలు రాకముందే తీశారు. ముందే కోసినా అలాగే ఉంటుంది, ఫ్రిజ్‌లో పెట్టి చూడండి, సగం సార్లు అదే గట్టిపడుతుంది. పొరలు లేక గట్టిగా ఉంటే పిసకడం ఎక్కువైంది. పులుపు మరీ ఎక్కువైతే కాయ తప్పు. ఈసారి చక్కెర కలిపాక ఒక ముక్క నోట్లో వేసుకుని చూడండి, కాల్చాక కూడా పులుపు దాదాపు అంతే ఉంటుంది.

అసలు రూబార్బే ఎవరైనా తెచ్చిస్తే

విదేశాల నుంచి వచ్చేవాళ్లు గడ్డకట్టించిన ముక్కలు తెస్తే మామిడికాయ, కాడల బదులు 850 గ్రాములు వాడండి. జల్లెడలో కరగనిచ్చి, దిగిన నీటిని పైన చెప్పినట్టే మరిగించండి. రూబార్బ్‌లో నూటికి 94 వంతులు నీరే, కాబట్టి సగ్గుబియ్యం ఇంకో చెంచా వేయాలి. చక్కెర 280 గ్రాముల దాకా పడుతుంది. ముక్కలు రెండు సెంటీమీటర్లవి చాలు, సన్నగా కోస్తే జారిపోతాయి.

తాజా కాడలు ఆకులతో వస్తే ఆకులు మొత్తం పారేయండి, పశువులకు కూడా వేయొద్దు. రూబార్బ్ ఆకుల్లో ఆక్సాలిక్ ఆమ్లం కాడల కంటే చాలా ఎక్కువ, విషమే. మొదటి ప్రపంచ యుద్ధం రోజుల్లో కూరగాయల కరువులో ఇంగ్లండులో ఈ ఆకులు వండుకోమని సలహా ఇచ్చి, జనం జబ్బు పడ్డాక వెనక్కి తీసుకున్నారు. మన చుక్కకూర ఆకుకు ఆ భయం లేదు. కానీ కిడ్నీలో రాళ్లున్నవాళ్లకు రూబార్బ్ అయినా చుక్కకూర అయినా అందులోని ఆక్సాలిక్ ఆమ్లం మంచిది కాదు. అలాంటివాళ్లు ఇంట్లో ఉంటే కాడలు మానేసి పూర్తిగా మామిడికాయతో, కాయ ఇంకో 100 గ్రాములు పెంచి చేయండి.